ఎర్ర పూసల మేస్త్రీ

వేదిక మీద ఒక బల్ల. బల్ల మీద ఒక పెట్టె. పెట్టెలో నాలుగు వేల పూసలున్నాయి. వాటిలో 3,200 తెల్లవి, 800 ఎర్రవి. పక్కన నిలబడినాయన ఎనభై ఏళ్ళు దాటిన వృద్ధుడు. పొడగరి. పొట్టిగా కత్తిరించిన తెల్లజుట్టు, కళ్ళజోడు. గొంతు విప్పితే మృదంగానికి ఎడమ పక్క వాయించినట్టు ఉంటుంది. ఎదుట కుర్చీలలో కూర్చున్నవారు అమెరికాలోని పెద్ద పెద్ద కంపెనీల అధికారులు. నాలుగు రోజులు పనులన్నీ మానుకుని, డబ్బు చెల్లించి, ఈయన చెప్పేది వినడానికి వచ్చారు.

ముసలాయన ముందుగా ఆరుగురిని పైకి పిలుస్తాడు. వారు కూలీలు. మరి ఇద్దరు తనిఖీదార్లు, వారి మీద ఒక పెద్ద తనిఖీదారు, లెక్కలు రాసేందుకు ఒక గుమాస్తా. మేస్త్రీ మాత్రం తానే. పని చాలా తేలిక. యాభై గుంటలున్న చెక్క తెడ్డు ఒకటి ఇస్తారు. దాన్ని పూసల్లో ముంచి తీస్తే గుంట గుంటకూ ఒక పూస చొప్పున యాభై పూసలు వస్తాయి. కొనేవారికి తెల్లపూసలే కావాలి. కనుక ఎర్రపూస రాకూడదు. తెడ్డు ఎలా ముంచాలో, ఎంత వాలుగా ఎత్తాలో మేస్త్రీ చేసి చూపిస్తాడు. ఆ పద్ధతి తప్పకూడదు, ప్రశ్నలు వేయకూడదు.

మొదటి కూలీ ముంచుతాడు. తొమ్మిది ఎర్రపూసలు వస్తాయనుకోండి. మేస్త్రీ మొహం చిట్లిస్తాడు. రెండవవాడికి పధ్నాలుగు. మేస్త్రీకి కోపం వస్తుంది. మూడవ కూలీకి ఆరే వస్తాయి. వెంటనే ఆమెను అందరి ముందూ మెచ్చుకుంటాడు, జీతం పెంచుతున్నానంటాడు. ఆమెను చూసి నేర్చుకోండని మిగిలినవారికి హితవు చెబుతాడు. మరునాడు (ఆటలో ఒక్కొక్క విడతా ఒక రోజు లెక్క) అదే మనిషికి పదమూడు వస్తాయి! జీతం పెరిగేసరికి పొగరెక్కిందని మేస్త్రీ తీర్మానం. నిన్న పధ్నాలుగు తెచ్చినవాడికి ఇవాళ ఎనిమిదే వస్తే, మందలింపు బాగా పనిచేసిందని సంతోషిస్తాడు. గోడకు నీతివాక్యాలు తగిలిస్తాడు. మూడవనాడు, ఇలాగే సాగితే కర్మాగారం మూసివేయవలసి వస్తుందని బెదిరిస్తాడు. చివరికి బాగా చేసిన ముగ్గురిని ఉంచుకుని తక్కిన ముగ్గురిని ఇంటికి పంపిస్తాడు. ఆ ఉత్తమ కార్మికులు ముగ్గురూ కూడా మళ్ళీ ఎర్రపూసలే తెస్తారు. కర్మాగారం మూతపడుతుంది.

సభలో నవ్వులే నవ్వులు. ఆ నవ్వు కాసేపటికి తగ్గిపోతుంది. ఎందుకంటే, తమ ఆఫీసులలో తాము రోజూ చేస్తున్నది ఇదేనన్న సంగతి ఒక్కొక్కరికే తెలిసివస్తుంది. పెట్టెలో అయిదింట ఒక వంతు ఎర్రపూసలున్నప్పుడు, యాభై పూసల తెడ్డుకు సగటున పది ఎర్రవి రాక తప్పదు. కూలీ ఎంత శ్రద్ధగా ముంచినా అంతే, ఏడుస్తూ ముంచినా అంతే. ఆ పూసలను పెట్టెలో పోసింది కూలీ కాదు. మరి ఎవరు పోశారు? అసలు అడగవలసిన ప్రశ్న ఆ ఒక్కటే. ఆట సాగినంతసేపూ ఆ ప్రశ్న అడిగే హక్కు మాత్రం ఎవరికీ లేదు.

ఈ మేస్త్రీ పేరు డాక్టరు విలియం ఎడ్వర్డ్స్ డెమింగ్. చదివింది భౌతికశాస్త్రం, బతుకుతెరువు సంఖ్యాశాస్త్రం. ఆయన చెప్పినది ఒక్క మాటలో చెప్పుకోవాలంటే ఇది: పనిలో తప్పు దొర్లినప్పుడు పనివాణ్ణి తిట్టేముందు, ఆ పనికి చేసిన ఏర్పాటును పరీక్షించాలి, ఆ ఏర్పాటు చేసింది యజమాని గనుక, తప్పు దిద్దుకోవలసినదీ ముందు యజమానే. వినడానికి ఎంతో చిన్న మాట. ఈ మాటను సొంత దేశం చేత వినిపించడానికి ఆయనకు దాదాపు మూడు దశాబ్దాలు పట్టింది!

వీధి దీపాల కుర్రవాడు

డెమింగ్ 1900 అక్టోబరు 14న అమెరికాలో అయోవా రాష్ట్రంలోని సూ సిటీలో పుట్టారు. చిన్నతనం గడిచింది మాత్రం పడమటి కొండసీమ అయిన వయోమింగ్‌లో. పవెల్ అనే కొత్త ఊళ్ళో తండ్రికి కొంత భూమి దొరికింది. భూమి దొరికినా వెంటనే ఇల్లు ఎక్కడినుంచి వస్తుంది? తారుకాగితం కప్పిన పూరిపాకవంటి కొట్టంలో ఆ కుటుంబం కాలం గడిపింది. తల్లి సంగీతం నేర్పేది. పిల్లవాడు బడికి వెళుతూనే చిన్న చిన్న పనులు చేసి నాలుగు డబ్బులు తెచ్చేవాడు. ఊళ్ళో వీధి దీపాలు వెలిగించడం అందులో ఒకటి. పిల్లవాడి ధోరణి చూసి ఊరివాళ్ళు ‘ప్రొఫెసరు’ అని పిలిచేవారట.

ఆ పేరు ఊరికే పోలేదు. 1921లో వయోమింగ్ విశ్వవిద్యాలయంలో ఇంజనీరింగు పట్టం, ఆ తరువాత కొలరాడోలో మరొక పట్టం, 1928లో యేల్ విశ్వవిద్యాలయంలో గణిత భౌతికశాస్త్రంలో డాక్టరేటు.

చదువుకునే రోజుల్లోనే, 1925, 1926 వేసవి సెలవులలో, చికాగో దగ్గరి హాథార్న్ కర్మాగారంలో పనిచేశారు. వెస్టర్న్ ఎలక్ట్రిక్ కంపెనీవారు అక్కడ టెలిఫోను సామగ్రి తయారుచేసేవారు. వేలాది జనం, అందులో స్త్రీలు ఎందరో, ఈలకు లోపలికీ ఈలకు బయటికీ నడిచే బతుకు. ఎన్ని వస్తువులు చేస్తే అంత కూలి. చేసిన వస్తువును తనిఖీదారు తోసిపుచ్చితే ఆ మేరకు నష్టం. మనిషికి తన పనిమీద ప్రేమ ఉండాలంటే ఇలాంటి చోట ఎలా ఉంటుందనే ప్రశ్న ఆ యువకుడి మనసులో అప్పుడే నాటుకున్నది.

ఆ దారిలోనే ఆయనకొక గురువు దొరికాడు. ఆయన వాల్టర్ షూహార్ట్. బెల్ టెలిఫోను ప్రయోగశాలలో శాస్త్రజ్ఞుడు. 1924లో షూహార్ట్ ఒక చిన్న పటం గీశాడు. దాని కిటుకు మనకు బస్సు ఉదాహరణతో సులువుగా బోధపడుతుంది.

మీ వీధి చివరకు ఉదయం ఎనిమిదింటికి రావలసిన బస్సు ఒకనాడు రెండు నిమిషాల ముందు వస్తుంది, ఒకనాడు మూడు నిమిషాలు ఆలస్యంగా వస్తుంది. దీనికి ఒక్క కారణమంటూ ఉండదు. దారిలో ఎడ్లబండి, చిల్లరకోసం తగాదా, ఒక ముసలమ్మ మెల్లగా ఎక్కడం—ఇలాంటివి వంద కలిసి ఆ తేడా తెస్తాయి. మరొకనాడు బస్సు ఏకంగా గంట ఆలస్యంగా వస్తుంది. దానికి ఒక ప్రత్యేక కారణం ఉంటుంది: టైరు పేలింది. టైరు సంగతి విచారించవలసిందే. కాని ఆ రెండు మూడు నిమిషాల తేడాకు రోజూ డ్రైవరును చీవాట్లు పెడితే ఏమవుతుంది? మరునాడు అతడు హడావిడిగా ముందే వెళ్ళిపోతాడు; మీరు వీధిలో నిలబడిపోతారు. మామూలు తేడా ఏదో, ప్రత్యేకమైన తేడా ఏదో విడదీసి చూపే రెండు గీతలే షూహార్ట్ పటం. పనివాడి మీద కోపం ఎప్పుడు న్యాయమో, ఎప్పుడు అన్యాయమో డెమింగ్‌కు నేర్పింది ఆ గీతలే.

ఒక్క మెతుకు చాలు

1927లో డెమింగ్ వాషింగ్టన్‌లో ప్రభుత్వ వ్యవసాయ శాఖలో చేరారు. 1939లో జనాభా లెక్కల శాఖకు మారారు. 1940 లెక్కలలో ఆ శాఖవారు కొన్ని ప్రశ్నలను అందరినీ అడగకుండా కొందరినే ఎంచి అడిగారు. ఆ ఎంపిక లెక్కలు చూసినవారిలో డెమింగ్ ముఖ్యులు.

కొందరిని అడిగి అందరి సంగతీ చెప్పడం ఎలా సాధ్యమని కొందరికి అనుమానం. మన వంటింటి ఆడవాళ్ళకు ఆ అనుమానం రాదు. అన్నం ఉడికిందా లేదా అని తెలియడానికి కుండెడూ చిదిమి చూస్తామా? ఒక్క మెతుకు పట్టి చూస్తే చాలు. అయితే ఆ మెతుకును పైనుంచే తీస్తే లాభం లేదు, గరిటెతో కలియబెట్టి తీయాలి. ఆ కలియబెట్టడమే ఈ శాస్త్రంలో అసలు రహస్యం.

యుద్ధం వచ్చింది. షూహార్ట్ పద్ధతిని డెమింగ్, ఆయన మిత్రులు వేలాది ఇంజనీర్లకు, తనిఖీదార్లకు నేర్పారు. ఆయుధ కర్మాగారాలలో ఆ విద్య బాగా పనికివచ్చింది. యుద్ధం ముగియగానే అంతా మరుగున పడిపోయింది. ప్రపంచంలో మిగిలిన కర్మాగారాలు సగం నేలమట్టమై ఉన్నాయి. అమెరికావారు ఏది తయారుచేసినా అమ్ముడుపోయే రోజులవి. ఇక నాణ్యం గొడవ ఎవరికి కావాలి? ఎక్కడ పొరపాటు జరిగిందా అని డెమింగ్ తరువాత చాలాకాలం ఆలోచించారు. ఇంజనీర్లకు నేర్పాము, వారిపై యజమానులకు నేర్పలేదు. అదీ పొరపాటు అని ఆయన తేల్చుకున్నారు. ఈ పాఠం ఆయన మరిచిపోలేదు.

1946లో సర్కారు కొలువు వదులుకుని, న్యూయార్కు విశ్వవిద్యాలయంలో ప్రొఫెసరుగా చేరి, సొంతంగా సలహాదారు వృత్తి మొదలుపెట్టారు. 1947 మొదట్లో మన దేశానికి వచ్చారు. కలకత్తాలో భారత గణాంక సంస్థను స్థాపించిన ప్రశాంతచంద్ర మహలనోబిస్ బెంగాలు జనపనార పంటను ఇదే మెతుకు పద్ధతిలో లెక్కగట్టి అప్పటికే పేరు పొందారు. ఇద్దరిదీ ఒకే విద్య, మైత్రి కుదరడంలో వింత లేదు. అదే సంవత్సరం డెమింగ్‌ను అమెరికా సైనికాధికారులు జపానుకు పిలిపించారు. జనాభా లెక్కల ఏర్పాట్లకు సహాయం చేయడం అక్కడి పని.

జపానులో ఒక విందు

ఆనాటి జపాను ఎలా ఉండేదో ఊహించుకోండి. ఊళ్ళు బూడిదయ్యాయి. తిండి లేదు. విజేతలుగా వచ్చిన అమెరికావారు తమ ప్రత్యేక దుకాణాలలో సరుకులు కొనుక్కుని తమలో తాము తినేవారు. డెమింగ్ అలా చేయలేదు. ఆ దుకాణంలో తిండిసామాను కొని, జపాను సంఖ్యాశాస్త్రజ్ఞులను భోజనానికి పిలిచేవారు. పస్తులున్న పండితులు ఆ పూటలను మరచిపోలేదు. కబుకీ నాటకాలు చూశారు, ఊళ్ళు తిరిగారు, ఆ దేశం మీద అభిమానం పెంచుకున్నారు.

1950లో జపాను శాస్త్రజ్ఞుల, ఇంజనీర్ల సమాఖ్యవారు ఆయనకు ఉత్తరం రాశారు: నాణ్యాన్ని గురించి మా ఇంజనీర్లకు పాఠాలు చెప్పవలసిందని. జూలైలో టోకియోలో ఎనిమిది రోజుల పాఠాలు మొదలయ్యాయి. హాలు నిండిపోయింది. కాని డెమింగ్ మనసులో పాత గాయం ఉన్నది కదా! ఇంజనీర్లకు మాత్రమే చెబితే అమెరికాలో లాగే ఇదీ నీటిమీది రాత అవుతుందని భయపడ్డారు. కంపెనీల అధిపతులతో మాట్లాడాలని పట్టుబట్టారు. ఆ సమాఖ్య అధ్యక్షుడు ఇచిరో ఇషికావా దేశంలోని పారిశ్రామికవేత్తలందరికీ పెద్ద. ఆయన పిలిస్తే రానివారు లేరు. జూలై 13 రాత్రి విందుకు 21 మంది అధిపతులు వచ్చారు.

యుద్ధానికి ముందు మన బజారులలో జపాను బొమ్మలు దొరికేవి. చవక, ఇంటికి తెచ్చేలోగా చెయ్యో కాలో ఊడిపోయేది. ‘జపాను సరుకు’ అంటే ఒక్క మన దేశంలోనే కాదు, లోకమంతటా నాసిరకమనే అర్థం. ఆ సరుకు చేసేవారి ముందు నిలబడి డెమింగ్, మీరు నా మాట విని నడుచుకుంటే అయిదేళ్ళలో మీ సరుకు లోకమంతా కొంటుందని చెప్పారు. వారు నమ్మారో లేదో కాని, పరువు పోయినవారికి ఇంకా పోవడానికేమున్నది? విన్నారు.

ఆయన నల్లబల్ల మీద గీసి చూపిన వరస ఇది. నాణ్యం పెంచితే ఖర్చు పెరుగుతుందని అందరూ అనుకుంటారు. నిజానికి తగ్గుతుంది. ఎందుకంటే చెడిన వస్తువును మళ్ళీ చేయడం ఉండదు, పారవేయడం ఉండదు, మిషను ఊరికే నిలవదు. ఖర్చు తగ్గితే ధర తగ్గించవచ్చు. మంచి సరుకు తక్కువ ధరకు ఇస్తే బజారు మనదవుతుంది. బజారు నిలిస్తే వ్యాపారం నిలుస్తుంది. పదిమందికి పని దొరుకుతుంది. రెండుసార్లు కుట్టిన చొక్కాకు కూలి రెండింతలవుతుందని ఏ దర్జీని అడిగినా చెబుతాడు. కాని పెద్ద కంపెనీలకు ఈ సంగతి తట్టలేదు.

పాఠాలను జపానువారు పుస్తకంగా అచ్చువేశారు. దాని మీద తనకు రావలసిన ప్రతిఫలాన్ని డెమింగ్ తీసుకోలేదు, సమాఖ్యకే వదిలేశారు. ఆ సొమ్ముతో వారు ఆయన పేరు మీద ఒక బహుమతి నెలకొల్పి 1951 నుంచి ఇవ్వసాగారు. పతకం మీద ఆయన బొమ్మ. జపాను కంపెనీలకు డెమింగ్ బహుమతి ఇంటికి వచ్చిన లక్ష్మితో సమానమైపోయింది. 1965లో టొయోటా మోటారు కంపెనీ దాన్ని గెలుచుకున్నది. 1960లో జపాను చక్రవర్తి ఆయనకు పవిత్ర నిధి అనే రాజలాంఛనం ప్రసాదించగా ప్రధాని కిషి అందజేశారు.

జపాను బాగుపడిన ఘనతంతా ఒక్క డెమింగ్‌కే కట్టబెట్టడం న్యాయం కాదు. 1954లో జోసెఫ్ జురాన్ అనే మరొక అమెరికా పండితుడు వచ్చి ఎంతో నేర్పారు. ఇచిరో ఇషికావా కుమారుడు కవోరు ఇషికావా, కూలీలు తామే చిన్న చిన్న బృందాలుగా కూర్చుని తమ పనిలోని చిక్కులను తామే విప్పుకునే పద్ధతిని 1962 నుంచి దేశమంతా పాకించారు. రాత్రింబవళ్ళు శ్రమించింది జపాను ప్రజలు. అయితే తొలి దీపం వెలిగించింది ఎవరని అడిగితే, ఆ పవెల్ ఊరి వీధి దీపాల కుర్రవాణ్ణే వారు చూపిస్తారు.

పెరటి చెట్టు

జపానులో ఇంత జరుగుతుంటే, అమెరికాలో డెమింగ్ ఎవరో ఎవరికీ తెలియదు! పెరటి చెట్టు మందుకు పనికిరాదని మనవాళ్ళు ఊరికే అనలేదు. వాషింగ్టన్‌లో ఒక మామూలు ఇల్లు, నేలమాళిగలో ఆఫీసు. భార్య లోలా కూడా గణితం తెలిసిన మనిషే. వారానికోసారి న్యూయార్కు వెళ్ళి పాఠం చెప్పడం, రైల్వేలకు, లారీ కంపెనీలకు లెక్కలు చూసిపెట్టడం, తీరిక దొరికితే పియానో ముందు కూర్చుని ప్రార్థనా సంగీతం కూర్చుకోవడం—ఇదీ జీవితం. ఎంత పొదుపరి అంటే, కోడిగుడ్లు కొని తెచ్చి ఒక్కొక్క గుడ్డు మీద కలంతో తారీకు వేసేవారట. ముందు వచ్చింది ముందు వాడితే ఏదీ పాడు కాదు కదా! ఊరి కంపెనీలకు చెప్పినా వినని పాఠాన్ని ఆయన తన ఇంట్లోనయినా అమలు జరుపుకున్నారు.

ఇంతలో లోకం తారుమారైంది. జపాను రేడియోలు, కెమెరాలు, మోటారు సైకిళ్ళు, చివరికి కార్లు కూడా అమెరికా బజారులను ముంచెత్తాయి. డెట్రాయిట్‌లో కార్ల కర్మాగారాలు కూలీలను వేల లెక్కన ఇంటికి పంపించాయి. దోషమెవరిది? కూలీలు సోమరులయ్యారని యజమానులు, దిగుమతులు ఆపమని సంఘాలు.

అప్పుడు ఎన్‌బీసీ టెలివిజన్ సంస్థకు చెందిన క్లేర్ క్రాఫర్డ్ మేసన్ అనే ఆమె ఈ విషయం మీద కార్యక్రమం తయారుచేస్తూ, జపాను రహస్యం తెలిసినవాడు వాషింగ్టన్‌లోనే, ప్రెసిడెంటు భవనానికి కొద్ది మైళ్ళ దూరంలోనే ఉన్నాడని విని, వెళ్ళి చూసింది. నేలమాళిగలో కాగితాల మధ్య ముసలాయన. 1980 జూన్ 24న ఆ కార్యక్రమం ప్రసారమైంది. జపానుకు చేతనైనది మనకెందుకు చేతకాదన్నది దాని సారాంశం. చివరి పావుగంటలో డెమింగ్ కనిపించారు. తెల్లవారేసరికి ఆ ఇంటి టెలిఫోను మోగడం మొదలుపెట్టింది. ఎనభయ్యో పుట్టినరోజుకు ఇంకా నాలుగు నెలలుంది. సాధారణంగా మనుషులు విశ్రాంతి తీసుకునే ఆ వయస్సులో ఆయన అసలు జీవితం ఆరంభమైంది.

ఫోర్డువారి ఇంటికి వైద్యుడు

కోట్లకు కోట్లు నష్టపోతున్న ఫోర్డు మోటారు కంపెనీ 1981లో ఆయనను పిలిచింది. నాణ్యానికి ఏదో మంత్రం చెబుతాడని వారి ఆశ. ముసలాయన వచ్చి కార్ల ఊసే ఎత్తలేదు. మీ కంపెనీ ఎలా నడుస్తోంది, పై అధికారులు ఏం చేస్తున్నారు, కిందివారు మీతో నిజం చెప్పడానికి భయపడుతున్నారా అని నిలదీశారు. కొందరు అధికారులకు ఒళ్ళు మండింది. అధ్యక్షుడు డొనాల్డ్ పీటర్సన్ మాత్రం ఓపికగా విని ఆయనను సలహాదారుగా నిలుపుకున్నాడు.

ఆ రోజుల్లోనే ఫోర్డువారికి ఒక విచిత్రం కనిపించింది. గేర్ల పెట్టెలు కొన్ని అమెరికాలో తామే చేసేవారు, కొన్ని జపానులో మాజ్డా కంపెనీ చేత చేయించేవారు. నమూనా ఒక్కటే, కొలతలు ఒక్కటే. కాని జపానువి చప్పుడు తక్కువ, ఫిర్యాదులు తక్కువ. విప్పి కొలిచి చూశారు. అమెరికా ముక్కలు కూడా నియమాల ప్రకారం సరిగానే ఉన్నాయి. అనుమతించిన హద్దు దాటలేదు. జపాను ముక్కలయితే ఒకదానికొకటి దాదాపు తేడా లేకుండా, అచ్చు గుద్దినట్టు ఉన్నాయి. హద్దులో ఉంటే చాలుననుకోవడం ఒక దారి. రోజు రోజుకూ హెచ్చుతగ్గులు తగ్గించుకుంటూ పోవడం మరొక దారి. డెమింగ్ ముప్పై ఏళ్ళుగా చెబుతున్నది ఈ రెండవ దారినే.

తరువాత టారస్ అనే కొత్త కారు రూపొందించేటప్పుడు ఫోర్డువారు ఎన్నడూ చేయని పని చేశారు. కారు బిగించే కూలీలను ముందే పిలిచి, మీకు ఏది ఇబ్బందిగా ఉందని అడిగారు. ఒకతను, బోల్టుల తలలన్నీ ఒకే సైజులో ఉంటే ఊరికే పానాలు మార్చుకునే బాధ తప్పుతుందన్నాడు. ఎంత చిన్న సలహా! ఏళ్ళ తరబడి పానాలు మార్చిన చేతికి తప్ప ఏ ఇంజనీరుకూ తట్టని సలహా. అదివరకు ఆ మనిషిని ఎవరూ అడగలేదు, అంతే. కారు జనానికి నచ్చింది. 1986లో ఫోర్డు లాభాలు జనరల్ మోటార్సు లాభాలను మించాయి. అంతకు ముందు అలా జరిగింది 1920లలోనే.

భయం, మార్కులు

ఇక ఊరూరా ఉపన్యాసాలే. నాలుగు రోజుల సభలు, వందలాది శ్రోతలు, ఎర్రపూసల ఆట. తన అనుభవసారాన్ని పధ్నాలుగు సూత్రాలుగా పేర్చి ‘అవుట్ ఆఫ్ ది క్రైసిస్’ అనే పుస్తకం రాశారు. పనిచేసే చోట భయాన్ని వెళ్ళగొట్టండి. భయపడినవాడు తప్పు దాచిపెడతాడు. ధర చవక అని చూసి ముడిసరుకు కొనకండి. చివర తనిఖీ చేసి నాణ్యం తెస్తామనుకోకండి, మొదటినుంచి సరిగా చేయండి. గోడమీది నీతివాక్యాలు తీసివేయండి. పనివాడికి తన పనిమీద గర్వించే హక్కు ఉంది. దానికి అడ్డం వచ్చేవన్నీ తొలగించండి. ఇవీ ఆయన మాటల సారం. సంస్థలలో వచ్చే చిక్కులలో నూటికి 94 ఏర్పాటులోనివే, తక్కినవే ప్రత్యేక కారణాలవని ఆయన అంచనా.

వక్తగా ఆయన గొప్ప అలంకారికుడేమీ కాదు. గొణిగినట్టు మాట్లాడేవారు. కాని పెద్ద అధికారి ఎవరైనా, మా కూలీలే సరిగా లేరండీ అన్నాడా, వృద్ధ సింహం గర్జించేది. విద్యార్థులతో, కూలీలతో మాత్రం మహా మెత్తన.

తల్లిదండ్రులు వినవలసిన మాట ఒకటి ఆయన చివరి సంవత్సరాలలో పదే పదే చెప్పారు. పిల్లలు పుట్టుకతో నేర్చుకోవాలనే ఉత్సాహంతో పుడతారు. మార్కులు, ర్యాంకులు, మెచ్చుకోలు చుక్కలు వేసి మనం ఆ ఉత్సాహాన్ని చంపివేస్తాము. పోటీలో ఒకడు మొదటివాడైతే తక్కినవారంతా ఓడినవారే కదా! తన విద్యార్థులకు తారతమ్యాలు కట్టడానికి ఆయనకు మనసొప్పేది కాదు. ఈ మాట మనకు పూర్తిగా మింగుడుపడకపోవచ్చు. మార్కులు లేకుండా కాలేజీ సీటు ఎలా వస్తుందని మీరు అడగవచ్చు. నిజమే. కాని ప్రోగ్రెసు కార్డు చేతపట్టుకుని వణుకుతూ గుమ్మంలో నిలబడిన పిల్లవాణ్ణి చూసినప్పుడు, ఎర్రపూసల తెడ్డు పట్టుకున్న కూలీ ఒక్కసారి మన కళ్ళ ముందు మెదలాలి. ఆ మార్కులలో వాడి వంతు ఎంత, వాడికి దొరికిన బడి, పంతులు, ఇల్లు, కంటిచూపు, కడుపులో తిండి వంతు ఎంత?

1986లో లోలా కన్నుమూసింది. 1987లో ప్రెసిడెంటు రీగన్ ఆయనకు జాతీయ సాంకేతిక పతకం బహూకరించారు. జపాను గౌరవించిన ఇరవై ఏడు సంవత్సరాల తరువాత! ఒంట్లో శక్తి సన్నగిల్లినా సభలు మానలేదు. మరణానికి కొద్ది రోజుల ముందు వరకు బోధిస్తూనే ఉన్నారు. 1993 డిసెంబరు 20న, తొంభై మూడవ ఏట, వాషింగ్టన్‌లోని తన ఇంట్లోనే కన్నుమూశారు. అయిదేళ్ళ తరువాత, 1998లో, ఆయన పేరిటి జపాను బహుమతి మొదటిసారిగా ఒక భారతీయ సంస్థకు వచ్చింది. అప్పట్లో మద్రాసు దగ్గర బ్రేకులు తయారుచేసిన సుందరం క్లేటన్ కంపెనీ అది.

తడి కట్టెలు

కట్టెల పొయ్యిల కాలంలో మన ఇళ్ళలో తరచు జరిగే కథ ఒకటుంది. ఇంటాయన పీట వేసుకుని కూర్చుంటాడు. అన్నం పొగచూరి ఉంటుంది, పప్పు ఉడకలేదు, ఆలస్యం కూడా అయింది. ఆయన కోడలి మీద ఎగిరి పడతాడు. అత్తగారు వంత పాడుతుంది. పొయ్యి ముందు కళ్ళు ఎర్రబడిన ఆ పిల్ల తలవంచుకుని ఊరుకుంటుంది. మర్నాడు మరింత ఒంగి మరింత ఊదుతుంది. మరింత పొగ వస్తుంది.

కట్టెలు తడిసినవి. వానాకాలంలో చవకగా వస్తున్నాయని బేరమాడి బండెడు తోలించినది ఇంటాయనే. ఆ సంగతి కోడలికి తెలుసు. ఆమెను ఎవరూ అడగరు. అడగనిదే చెప్పే ధైర్యం ఆమెకు లేదు.

ఆ ఇంట్లో ఎవరైనా ఒక్కరు, “ఏమమ్మా, కట్టెలు బాగున్నాయా?” అని అడిగి ఉంటే ఎన్ని కన్నీళ్ళు ఆగిపోయేవి! డాక్టరు డెమింగ్ తొంభై ఏళ్ళు దాటేవరకు దేశాలు తిరిగి, కోటీశ్వరులను నిలబెట్టి, అడగమని నేర్పిన ప్రశ్న అదే. అది అడగడానికి పెద్ద కర్మాగారమే ఉండనక్కరలేదు. ఒక ఇల్లున్నా చాలు.